అపార్టుమెంటు అసోసియేషనా, గేటు పెట్టిన అగ్రహారమా?

ఊరికి గేటు లేదు. దానికా అవసరం రాలేదు. ఊరికి అవతల పల్లె, ఆ అవతల గూడెం, మధ్యలో ఒక డొంకో కాలవో. ఎవరు ఎక్కడిదాకా రావాలో, ఎక్కడ చెప్పులు విప్పాలో, ఏ బావిలో ఎవరు చేద వెయ్యాలో కాయితం మీద ఒక్క ముక్క రాయకుండానే తరతరాలు నడిపారు. దానికి రిజిస్ట్రేషన్ నంబరు లేదు. బైలాస్ లేవు. జనరల్ బాడీ మీటింగు లేదు. అయినా ఒక్క క్లాజు తప్పలేదు.

ఇప్పుడా ఊరు టౌనుకి కాపరం వెళ్ళింది. పోతూపోతూ మామిడితోట కౌలుకిచ్చి పోయింది గాని పొలిమేరని మాత్రం వెంట పట్టుకెళ్ళింది. టౌన్లో డొంక దొరకదు గనక గేటు పెట్టుకుంది. గేటు దగ్గర వాచ్‌మన్‌ని పెట్టుకుంది. లోపల ఒక పుస్తకం రాసుకుంది. ఆ పుస్తకం పేరు బైలాస్. ఆ కట్టుబాటు పేరు ఓనర్స్ వెల్ఫేర్ అసోసియేషన్.

"తోటల్లో చిక్కం పట్టేవాళ్ళకి అపార్టుమెంట్ల గొడవ దేనికండీ, కూలి రేట్ల గురించి రాయండి" అన్నాడు మొన్న మన కార్యకర్త ఒకాయన. రాస్తాం, కూలి రేట్ల గురించీ రాస్తాం. కానీ ఒక్కసారి లెక్క చూసుకుందాం. నూజివీడు, ఆగిరిపల్లి, ముసునూరు, చాట్రాయి మండలాల్లో రసాల కోత నడిచేది ఎండాకాలం మూడు నెలలు. మిగతా తొమ్మిది నెలలు మన పల్లెల జనం ఎక్కడుంటన్నారు? నున్న మార్కెట్టులో కాయ ఎత్తిన చేతులే బెజవాడలో వాచ్‌మన్ కర్ర పట్టుకున్నాయి. మన ఆడవాళ్ళు ఆ అపార్టుమెంట్లలోనే అంట్లు తోముతున్నారు. మన పిల్లలు డిగ్రీలు చదివి, 2008లో నూజివీడులో పెట్టిన ట్రిపుల్ ఐటీలో ఇంజనీర్లై, ఆ ఫ్లాట్ల ముందే 'టులెట్' బోర్డు చదువుకుంటూ నిలబడుతున్నారు. గవర్నమెంటు వాళ్ళు మనకిచ్చే ఇల్లు కూడా ఇప్పుడు మూడంతస్తుల పైన ఫ్లాటే. ఎటు తిరిగినా ఆ గేటు దగ్గరికే వస్తన్నాం. మనకెందుకు అనుకోడానికి లేదు.

మా బళ్ళో చదువుకున్న ఒక పిల్లవాడి సంగతి చెబుతాం. తండ్రి తోట కాపలా, తల్లి కూలి. బెజవాడలో ఉద్యోగం వచ్చింది, పెళ్ళయింది, ఫ్లాటు చూసుకున్నాడు. ఓనరు ఒప్పుకున్నాడు. అద్దె కుదిరింది, అడ్వాన్సు ఇచ్చాడు. "అసోసియేషన్ ప్రెసిడెంటు గారిని ఒకసారి కలిసి పొండి, ఫార్మాలిటీ" అన్నారు. కలిశాడు. ఆ పెద్దమనిషి కాఫీ ఇప్పించాడు, కుశలం అడిగాడు. "ఏ ఊరు బాబూ?" చెప్పాడు. "ఓహో, మాకూ అటే చుట్టాలున్నారు. ఊళ్ళో ఎటువైపు?"

ఎటువైపు! "మీరేమిట్లు?" అని అడగడం మోటు. చదువుకున్నవాడు అలా అడగడు. ఊళ్ళో ఎటువైపు అంటాడు. ఇంటిపేరు అడుగుతాడు. "ఆదివారం పూట ఏం చేస్తుంటారు?" అంటాడు. కుర్రాడు మన పల్లె ఉన్నవైపే చెప్పాడు, అబద్ధం చెప్పడం మేం నేర్పలేదు. మర్నాటికి అడ్వాన్సు ఫోన్‌పేలో వెనక్కొచ్చింది. "ఓనరు గారి చుట్టాలే వస్తన్నారంట, ఏమనుకోవద్దు" అని మెసేజీ. ఆ ఫ్లాటుకి 'టులెట్' బోర్డు ఆ నెలంతా వేలాడుతూనే ఉంది.

ఇది ఒక్క బెజవాడ జబ్బు కాదు. ఢిల్లీ చుట్టుపక్కల టౌన్లలో ప్రొఫెసర్ సుఖదేవ్ థోరట్, ఆయన తోటివాళ్ళు ఒక పరీక్ష పెట్టి 2015లో 'ఎకనమిక్ అండ్ పొలిటికల్ వీక్లీ'లో అచ్చేశారు. ఒకే రకం ఉద్యోగం, ఒకే రకం జీతం, పేర్లు మాత్రం వేరు. ఆ పేర్లతో అద్దె ఇళ్ళు అడిగించారు. అగ్రకులం పేరుంటే దాదాపు అందరికీ రమ్మన్నారు. దళితుడి పేరుంటే వందకి 18 మందికి లేదు పొమ్మన్నారు, ఇంకా కొంతమందికి లేనిపోని షరతులు పెట్టారు. ముస్లిం పేరుంటే ఇంకా ఎక్కువమందిని పొమ్మన్నారు.

ఇంతకీ మన పిల్లాణ్ణి వద్దన్నదెవరు? ఓనరు కాదు, ఓనరు అడ్వాన్సు కూడా తీసుకున్నాడు. ఆస్తి ఉన్నవాడికి లేని అభ్యంతరం అసోసియేషనుకి ఎక్కణ్ణించి వచ్చింది? ఈ అసోసియేషన్ అనేది ఏమిటి, దానికి ఈ పెత్తనం ఎవరిచ్చారు?

తేరిపార చూస్తే అదొక బుల్లి గవర్నమెంటు. నెలనెలా మెయింటెనెన్స్ అని పన్ను వేస్తుంది. బైలాస్ అని చట్టం చేస్తుంది. తప్పితే జరిమానా వేస్తుంది. ప్రెసిడెంటు, సెక్రటరీ, ట్రెజరర్ మంత్రివర్గం. వాచ్‌మన్ పోలీసు. మరి ఓటు ఎవరికి? ఫ్లాటు కొన్నవాడికి. అద్దెకున్నవాడు పన్ను కడతాడు, ఓటు లేదు. మెట్ల కింద గదిలో పెళ్ళాం పిల్లల్తో పగలూ రాత్రీ అక్కడే పడుండే వాచ్‌మన్ అందరికన్నా ఎక్కువసేపు ఆ బిల్డింగులో ఉండే మనిషి. ఆయన కుటుంబం లెక్కలోకే రాదు. రాజకీయాల్లో మనిషికో ఓటు ఇచ్చి, సంఘంలో అసమానత అలాగే ఉంచితే ఆ వైరుధ్యం ఎంతకాలం మోస్తామని 1949 నవంబరు 25న రాజ్యాంగ సభలో అంబేద్కర్ అడిగారు. ఆ ప్రశ్నకి జవాబు ఈ సెల్లార్లో కాపరం చేస్తంది.

చట్టాలు లేక కాదు. 1987లో ఆంధ్రప్రదేశ్ అపార్టుమెంట్ల చట్టం వచ్చింది. ఫ్లాటు ఎవరిది వాళ్ళది. మెట్లు, లిఫ్టు, డాబా, కిందున్న స్థలం అందరికీ ఉమ్మడి, విడదీయరాని వాటా. ఉమ్మడి అనే మాట మనం ఎరుగుదుం. ఊరుమ్మడి చెరువు, ఊరుమ్మడి బావి, ఊరుమ్మడి దేవుడు. ఆ ఉమ్మడిలో మన వాటా ఎంతో కూడా ఎరుగుదుం. 2001లో సొసైటీల రిజిస్ట్రేషన్ చట్టం వచ్చింది. ఏడుగురు కూడి బైలాస్ రాసుకుంటే జిల్లా రిజిస్ట్రారు దగ్గర సంఘం పుడుతుంది. 2016లో రేరా వచ్చింది. సగం మందికి పైగా ఫ్లాట్లు బుక్ చేసుకున్న మూడు నెలల్లోపల అసోసియేషన్ ఏర్పడేట్టు చెయ్యాలని, ఉమ్మడి జాగాలు ఆ సంఘం పేర రాసివ్వాలని బిల్డరు మెడమీద పెట్టింది. గోడ బీటలిస్తే అయిదేళ్ళదాకా బిల్డరే బాగుచెయ్యాలి. మంచిదే. ఫ్లాట్లు కేటాయించేటప్పుడు ఎవరిమీదా వివక్ష చూపనని బిల్డరు ఒక అఫిడవిట్టు కూడా ఇవ్వాలి.

ఇంత రాసిన చట్టాల్లో గోడకి బీటలిస్తే ఎవరు జవాబుదారీనో ఉంది. మనిషికీ మనిషికీ మధ్య ఉన్న బీట గురించి ఆ ఒక్క అఫిడవిట్టు ముక్కే. బిల్డరు అమ్మి వెళ్ళిపోయాక, ఆ తర్వాత ముప్ఫై ఏళ్ళూ పెత్తనం చేసే అసోసియేషన్ మాటేమిటి? కులం పేరుతో అద్దెకి ఇవ్వద్దని, అమ్మద్దని ఓనరుకి అడ్డుపడితే ఆ సంఘాన్ని రద్దు చేస్తామని అపార్టుమెంట్ల చట్టంలో ఎక్కడుంది? లేదు. సహకార సంఘాల బోర్డుల్లో ఒక సీటు ఎస్సీలకో ఎస్టీలకో, రెండు సీట్లు ఆడవాళ్ళకి ఉండాలని 2011 నాటి 97వ రాజ్యాంగ సవరణ అన్నది. రాష్ట్రాల ఆమోదం తీసుకోలేదని, రాష్ట్రాల్లోని సంఘాలకి అది చెల్లదని 2021 జూలైలో సుప్రీంకోర్టు తేల్చింది. ఆ ఒక్క సీటూ పోయింది. దానికోసం ఏ పార్టీ అయినా ధర్నా చేసిందేమో మీరే చెప్పండి.

పెద్దమనుషుల వాదన ఒకటుంది. "ఇది ప్రైవేటు సంఘమండీ. మా ఇష్టమొచ్చినవాళ్ళతో మేం ఉంటాం. రాజ్యాంగం గవర్నమెంటుకే గాని మాకు కాదు." ఈ మాటకి వాళ్ళు ఒక జడ్జిమెంటు కూడా చూపిస్తారు. అహ్మదాబాదులో జొరాస్ట్రియన్ కోఆపరేటివ్ హౌసింగ్ సొసైటీ ఉంది. పార్సీలు తప్ప ఇంకొకరు మెంబరు కాకూడదని దాని బైలా. ఒక మెంబరు తన స్థలం పార్సీలు కానివాళ్ళకి అమ్మబోతే సంఘం అడ్డుపడింది. 2005 ఏప్రిల్లో సుప్రీంకోర్టు సంఘం పక్షానే తీర్పు చెప్పింది. సంఘం పెట్టుకునే హక్కులో తమవాళ్ళనే చేర్చుకునే హక్కూ ఉందంది. సమానత్వపు హక్కులు బైలాస్‌కి అడ్డం కావంది.

పార్సీలు పిడికెడు మంది, తమ మతం బతకాలని కట్టుకున్న గోడ అనుకుందాం కాసేపు. అదే గుజరాత్‌లో, బరోడాలో, 1917లో, అమెరికాలో చదువుకుని వచ్చిన అంబేద్కర్ సంస్థానంలో కొలువు చేస్తూ అద్దె ఇల్లు దొరక్క ఒక పార్సీ సత్రంలో పేరు దాచుకుని తలదాచుకున్నారు. పదకొండో రోజున కర్రలు పట్టుకుని వచ్చి వెళ్ళగొట్టారు. హిందూ స్నేహితుడూ క్రైస్తవ స్నేహితుడూ ఇంట్లో పెట్టుకోడానికి ధైర్యం చెయ్యలేదు. వెక్కివెక్కి ఏడ్చానని ఆయనే రాసుకున్నారు. గోడ కట్టింది ఎవరైనా, ఎందుకు కట్టినా, చివరికి అవతల మిగిలేది మనమే. ఆ 2005 తీర్పుని బెజవాడ ప్రెసిడెంటు గారి చేతిలో పెడితే ఆయన దాంతో కాపాడేది ఏ చిన్న మతాన్ని?

కానీ ఆ కేసు అంటరానితనం గురించిన కేసు కాదు. ఇక్కడే మన కార్యకర్తలు చెవి వెయ్యాలి. రాజ్యాంగంలో సమానత్వం గురించిన చాలా హక్కులు గవర్నమెంటు మీద ఉన్నవే. 17వ అధికరణం అలా కాదు. అంటరానితనం ఏ రూపంలోనూ పాటించకూడదని అది అందరికీ చెప్పింది. ప్రైవేటు మనిషి మీద కూడా అది అమలవుతుందని 1982లో ఏషియాడ్ కూలీల కేసులో సుప్రీంకోర్టు అన్నది. ప్రైవేటు అంటరానితనం అంటూ ఒకటి లేదు.

దానికి చట్టమూ ఉంది. కొత్తది కాదు, మన తాతల నాటిది. 1955 నాటి అంటరానితనం నేరాల చట్టం. 1976లో పేరు మార్చి పౌరహక్కుల పరిరక్షణ చట్టం అన్నారు. అందులో నాలుగో సెక్షను తీసి చూడండి. హోటలు, బావి, రోడ్డు అన్నీ వరసగా ఉంటాయి. ఎనిమిదో క్లాజు దగ్గర ఆగండి. ఏ ప్రాంతంలోనైనా సరే, నివాసం ఉండే ఇల్లు కట్టుకోడానికి గాని, సంపాదించుకోడానికి గాని, అందులో ఉండడానికి గాని అంటరానితనం పేరుతో అడ్డుపడితే నేరం. ఏ ప్రాంతంలోనైనా! గేటు ఉన్న ప్రాంతం తప్ప అని లేదు.

పన్నెండో సెక్షను ఇంకా పనికొచ్చేది. బాధపడ్డవాడు ఎస్సీ అయితే, అది అంటరానితనం వల్ల జరిగిందనే కోర్టు అనుకోవాలి. కాదని రుజువు చేసుకునే భారం అవతలివాడిది. పద్నాలుగో సెక్షను కంపెనీలు చేసిన నేరాల గురించి. కంపెనీ అంటే నలుగురు కూడిన సంఘం కూడా అని అక్కడే వివరం రాసుంది. అంటే ప్రెసిడెంటూ సెక్రటరీ "అది కమిటీ నిర్ణయమండీ" అని తప్పించుకోడానికి లేదు.

డెబ్భై ఏళ్ళ నించి ఈ కత్తి ఒరలోనే ఉంది. తుప్పు కూడా పట్టింది. శిక్ష నెల నించి ఆరు నెలల జైలు, జరిమానా వంద నించి అయిదొందలు. 2023లో హైదరాబాదులో ఒక అపార్టుమెంటు నోటీసు పేపర్లలో వచ్చింది. పనిమనుషులు, డ్రైవర్లు, డెలివరీ కుర్రాళ్ళు మెయిన్ లిఫ్టు ఎక్కితే వెయ్యి రూపాయలు జరిమానా. చూడండి ఈ దేశపు ధరల పట్టిక. లిఫ్టు ఎక్కినందుకు మన ఆడమనిషికి వెయ్యి. అంటరానితనం పాటించినందుకు పెద్దమనిషికి ఎంత గుంజినా అయిదొందలు.

ఇంక అమెరికా మాట చెప్పుకోవాలి, ఎందుకంటే ఈ అసోసియేషన్ల మోజు మనవాళ్ళు అక్కడ చూసే ఇక్కడికి మోసుకొచ్చారు. సెయింట్ లూయిస్ టౌన్లో షెల్లీ అనే నల్లజాతి కుటుంబం 1945లో ఇల్లు కొనుక్కుంది. ఆ వీధిలో ఇళ్ళు నల్లవాళ్ళకి దక్కనివ్వమని 1911లోనే తెల్లవాళ్ళు పత్రం రాసుకున్నారు. ఖాళీ చేయించమని కోర్టుకెక్కారు. "మా ప్రైవేటు ఒప్పందం" అన్నారు, అచ్చం మన ప్రెసిడెంటు గారి మాటే. ఒప్పందం మీదే కావచ్చు, దాన్ని అమలు చేసే కోర్టు మీ ప్రైవేటు కాదు అని 1948లో అక్కడి సుప్రీంకోర్టు తిప్పికొట్టింది. 1968లో ఏకంగా చట్టమే చేశారు. 2023 ఫిబ్రవరిలో సియాటిల్ నగరం ఇంకో అడుగు ముందుకేసి ఉద్యోగాల్లోనూ ఇళ్ళలోనూ కుల వివక్ష చెల్లదని కులం పేరు పెట్టే చట్టం చేసింది. కాలిఫోర్నియాలో అలాంటి బిల్లునే సభలు పాస్ చేస్తే అదే ఏడాది అక్టోబరులో గవర్నరు ఆపేశాడు. ఆ బిల్లుని అడ్డుకోడానికి తిరిగినవాళ్ళలో హిందూ సంఘాలవాళ్ళే ముందున్నారు. సముద్రాలు దాటినా ఎటువైపో అడగడం మానలేదన్నమాట. సియాటిల్ చట్టానికి కులం తెలుసు. మన 1987 అపార్టుమెంట్ల చట్టానికి ఇంకా తెలియదు!

అయితే ఏం చెయ్యాలి? మన పిల్లలకి ఇల్లు లేదన్నప్పుడు ముఖం వేలాడేసుకుని రావద్దు. ఎందుకు లేదో రాసివ్వమనండి. రాసివ్వరు. మెసేజీలు దాచండి, ఫోన్లో మాట్లాడినవి దాచండి, టులెట్ బోర్డు తేదీ కనపడేట్టు ఫొటో తియ్యండి. మర్నాడు అదే ఫ్లాటుకి ఇంకో కులం స్నేహితుణ్ణి పంపండి. ఆయనకి ఇస్తామంటే అదే సాక్ష్యం. జిల్లా రిజిస్ట్రారు ఆఫీసులో ఫీజు కట్టి ఆ సంఘం బైలాస్ నకలు తీసుకోండి. అద్దెకి ఇవ్వడానికి అసోసియేషన్ అనుమతి కావాలని అందులో లేకపోతే ప్రెసిడెంటు చేసింది సొంత పెత్తనం. ఉంటే ఆ క్లాజునే పట్టుకోండి. ఈ నేరం కాగ్నిజబుల్. పోలీసులు కేసు కట్టాలి. పెద్దమనుషుల రాజీకి చట్టం ఒప్పుకోదు.

తోటలు నరికి ప్లాట్లు వేసేచోట ఇంకో సంగతి కనిపెట్టి ఉండండి. అప్రూవ్డ్ లేఅవుట్లో రోడ్లు పంచాయతీకో మునిసిపాలిటీకో రాసివ్వాలి. రాసిచ్చాక అవి అందరి రోడ్లు. దాని మీద ఆర్చీ కట్టి గేటు బిగించి, మన శ్మశానానికో పొలానికో పొయ్యే డొంక మూస్తే 2015లో సవరించిన అట్రాసిటీ చట్టం ఉంది. దారి, శ్మశానం, ఉమ్మడి వనరులు ఎస్సీ ఎస్టీలని వాడుకోనివ్వకపోతే నేరమని అందులో విడిగా రాసుంది.

వాళ్ళ గేటు సంగతి సరే, మన గేటు సంగతి కూడా మాట్లాడుకోవాలి. గుడివాడ దగ్గర మల్లాయపాలెంలో 2023 జూన్‌లో 8,912 టిడ్కో ఫ్లాట్లు ప్రారంభించారు. మూడొందల అడుగులవి, కొంచెం పెద్దవి, అన్నీ మూడంతస్తుల పైకి కట్టినవే. ఇళ్ళ స్థలం పట్టా అయితే ఎవరి గడప వాళ్ళది. ఫ్లాటు అలా కాదు. మోటారు ఒకటే, పైపు ఒకటే, డాబా ఒకటే, మురుగు తొట్టి ఒకటే. సంఘం లేకుండా అక్కడ నీళ్ళ చుక్క పైకెక్కదు. కాబట్టి సంఘం వస్తుంది. ప్రశ్నల్లా ఎవరు పెడతారన్నది. మనం చూస్తూ కూచుంటే పార్టీ మనిషి ఒకడు వచ్చి ఏడు సంతకాలు పెట్టించుకుని ప్రెసిడెంటు అవుతాడు. బైలాస్ ఎక్కణ్ణించో తెచ్చిన జిరాక్సు. అందులో ఏముందో మనకి తెలిసేది నీళ్ళు ఆపినప్పుడే.

అందుకని ఫ్లాటు వచ్చిన ప్రతిచోటా మనమే ముందు కూచుందాం. బైలాస్ తెలుగులో రాయాలి. మెట్ల దగ్గర నిలబడి అందరికీ వినపడేట్టు చదవాలి. చదువుకున్న ఆడపిల్ల ఎవరో ఒకరు ఉంటుంది బ్లాకులో, ఆమె చేత చదివించండి. లెక్కలు నెలనెలా గోడకి అంటించాలి. అద్దెకున్నవాళ్ళకి మాట్లాడే హక్కు ఉండాలి. ఎవరి కులం, ఎవరి మతం, ఎవరేం వండుకుంటారు అనేది సంఘానికి అక్కర్లేని విషయం అని ఒక క్లాజు రాయాలి. అది రాసేటప్పుడు మనలో మనం కూడా చూసుకోవాలి. ఒక మెట్ల వరస మాలలది, ఇంకో మెట్ల వరస మాదిగలది, సాయిబులు ఆ చివర బ్లాకులో అని మనమే పంచుకుంటే, ప్రెసిడెంటు గారి దగ్గర కాఫీ తాగి రావడమే మిగులుతుంది.

ఇక మన డిమాండు. ప్రతినెలా 30న పౌరహక్కుల దినం అని తహసీల్దారు గారూ ఎస్సై గారూ పల్లెకొస్తారు. కుర్చీలేసుకుని, అంటరానితనం నేరమని మనకే చెప్పి, ఫొటో దిగి పోతారు. దొంగతనం తప్పని సొమ్ము పోయినవాడికి చెప్పినట్టుంటుంది. ఈసారి వచ్చినప్పుడు అర్జీ చేతిలో పెట్టండి. కులం పేరుతో అద్దెకీ అమ్మకానికీ అడ్డుపడే సంఘం రిజిస్ట్రేషన్ రద్దవుతుందని అపార్టుమెంట్ల చట్టంలో రాయమని ఒక అర్జీ. అసోసియేషన్ల బైలాస్ అన్నీ ఒకసారి తీసి చూడమని జిల్లా రిజిస్ట్రారుకి ఒక అర్జీ. మూడోది తహసీల్దారు గారికే: వచ్చేనెల పౌరహక్కుల దినం మా పల్లెలో వద్దండీ, టౌన్లో ఏదో ఒక అపార్టుమెంటు సెల్లార్లో పెట్టండి, కుర్చీలు మేం తెస్తాం, వాచ్‌మన్ కుటుంబాన్నీ పనివాళ్ళనీ ముందు వరసలో కూచోబెట్టండి, ప్రెసిడెంటు గారిని మాట్లాడమనండి.